బొమ్మలున్న బోను

‘మాట నిజమే. కానీ ఇప్పుడు కాదు, ఇలా కాదు’ అన్నట్లుగా ఆమెను పక్కన పెట్టేశారు. పక్కన పెట్టినవాళ్లలో ఆమె ఎవరికోసం రాసిందో ఆ ఆడవాళ్లూ ఉన్నారు. స్విట్జర్లాండ్‌ను ఓ కుదుపు కుదిపి, ఆ తర్వాత మౌనంగా తప్పుకున్న రచయిత్రి ఐరిస్ ఫాన్ రోటెన్ కథ ఇది.

తెల్లవారుజామున సరిగ్గా నాలుగు గంటలు. స్విట్జర్లాండ్‌లోని బాసెల్ నగరంలో వీధిదీపాలన్నీ ఒక్కసారిగా ఆరిపోతాయి. ఆ చీకట్లో డప్పులు మోగుతాయి. పిల్లనగ్రోవులు అందుకుంటాయి. బొమ్మలు గీసిన పెద్దపెద్ద లాంతర్లతో, మొహాలకు మాస్కులు తగిలించుకున్న జనం బారులు తీరి నడుస్తారు. చలికాలం చివర్లో మూడు రోజులపాటు జరిగే ఆ సంబరం పేరు ఫాస్‌నాఖ్ట్. ఆ మూడు రోజులూ ఎవరినైనా ఆటపట్టించొచ్చు. మంత్రులకైనా మినహాయింపు లేదు. ఏడాది పొడవునా ఊరు చెప్పుకున్న కబుర్లన్నీ వేషాలై, పాటలై వీధికెక్కుతాయి.

1959 ఫిబ్రవరిలో అలా వీధికెక్కిన వారిలో ఓ లాయరమ్మ ఉంది. ఆమె మంత్రి కాదు, సినిమా తార కాదు. వయసు 41. ఇంట్లో బడికెళ్లే ఈడు కూతురు. ఆమె చేసిందల్లా ఒక పుస్తకం రాయడం. అందుకే ఊరు ఊరంతా ఆమెను చూసి నవ్వింది.

దాదాపు రెండు వారాల ముందు, ఫిబ్రవరి 1న, ఆ దేశంలోని మగవాళ్లంతా ఓటేశారు. ఆడవాళ్లకు ఓటుహక్కు ఇద్దామా వద్దా అన్నది ప్రశ్న. వద్దన్నవారు 6,54,939 మంది. ఇద్దామన్నవారు 3,23,727 మంది. ఇద్దరు కాదంటే ఒక్కరు అవునన్నారన్నమాట. నవ్వులపాలైన ఆ లాయరమ్మకూ ఆ ఓటమికీ ముడిపెట్టి మాట్లాడినవాళ్లు ఉన్నారు. ‘ఆమె అలా రాయకపోతే...’ అని నిట్టూర్చినవాళ్లూ ఉన్నారు.

మగవాళ్లు ఒప్పుకుంటేనే!

స్విట్జర్లాండ్ అనగానే మనకు మంచుకొండలు, చాక్లెట్లు, గడియారాలు, సినిమా పాటలు గుర్తొస్తాయి. ప్రజాస్వామ్యానికీ ఆ దేశం పెట్టింది పేరు. 1848లోనే ఆధునిక రాజ్యాంగం రాసుకుంది. అక్కడ ముఖ్యమైన నిర్ణయాలను పార్లమెంటుకే వదిలేయరు. జనాన్ని నేరుగా అడుగుతారు. రాజ్యాంగంలో ఒక్క మాట మార్చాలన్నా దేశం మొత్తమ్మీద పడిన ఓట్లలో సగానికి పైగా రావాలి. కాంటన్లు అని పిలిచే రాష్ట్రాల్లోనూ సగానికి పైగా సరేననాలి.

చిక్కంతా అక్కడే వచ్చింది. ఆడవాళ్లకు ఓటు ఇవ్వాలంటే రాజ్యాంగం మార్చాలి. రాజ్యాంగం మార్చాలంటే ఓటర్లను అడగాలి. ఓటర్లంటే మగవాళ్లే! తాళంచెవి ఉన్నవాడినే తలుపు తియ్యమని బతిమాలుకోవాలన్నమాట.

మన దగ్గర అలా జరగలేదు. స్వాతంత్య్రం వచ్చాక రాజ్యాంగం రాసినవాళ్లు స్త్రీపురుషులన్న తేడా లేకుండా వయోజనులందరికీ ఓటు రాసిపెట్టేశారు. 1951-52లో జరిగిన తొలి సార్వత్రిక ఎన్నికల్లో మన అమ్మమ్మలు, నానమ్మలు బారులు తీరి ఓట్లేశారు. అయితే అక్కడా ఓ చిక్కొచ్చింది. ఓటర్ల జాబితా రాయడానికి ఇంటికొచ్చినవారికి, ముఖ్యంగా ఉత్తరాది రాష్ట్రాల్లో, చాలామంది ఆడవాళ్లు తమ పేరు చెప్పలేదు. ఫలానావారి భార్యననో, ఫలానావారి కూతుర్ననో రాసుకోమన్నారు. సొంతపేరు లేకుండా కుదరదంది ఎన్నికల సంఘం. అలా దాదాపు 28 లక్షలమంది పేర్లు జాబితాలోంచి పోయాయి. మనవాళ్లకు ఓటుంది, పేరు చెప్పుకునే చొరవ లేదు. స్విస్ ఆడవాళ్లకు పేరుంది, చదువుంది, ఉద్యోగం ఉంది... ఓటు లేదు.

వాళ్లేమీ చేతులు కట్టుకుని కూర్చోలేదు. 1928లో బెర్న్ నగరంలో మహిళల పనితనాన్ని చాటే పెద్ద ప్రదర్శన జరిగితే, ఊరేగింపులో ఓ భారీ నత్తబొమ్మను లాక్కుంటూ వెళ్లారు. తమ ఓటుహక్కు ఎంత వేగంగా వస్తోందో చెప్పడానికి! ఆ మరుసటి ఏడాది దాదాపు రెండున్నర లక్షల సంతకాలతో ప్రభుత్వానికి విన్నపం ఇచ్చారు. వాటిలో 78 వేలకు పైగా మగవాళ్లవే. అయినా నత్త కదల్లేదు.

ప్రేమలో పడ్డ శత్రువులు

నత్త ఊరేగినప్పుడు ఐరిస్‌కు పదకొండేళ్లు. 1917లో బాసెల్‌లో పుట్టింది. అప్పట్లో ఆడపిల్లలు పెద్దగా అడుగుపెట్టని న్యాయశాస్త్రం చదివింది. అందులోనే డాక్టరేట్ సంపాదించింది. రెండో ప్రపంచయుద్ధం ముగిసే రోజుల్లో, 1943 నుంచి 45 దాకా ఓ మహిళా పత్రికకు సంపాదకత్వం వహించింది.

చదువుకునే రోజుల్లోనే ఆమెకు పీటర్ ఫాన్ రోటెన్ పరిచయమయ్యాడు. అతనిది వలైస్ రాష్ట్రంలోని రారోన్. జర్మన్ భాషలో రాసిన మహాకవి రిల్కే సమాధి ఉన్న ఊరు అదే. పీటర్‌ది అక్కడి పాతకాలపు పెద్దింటి కుటుంబం. నిష్ఠగల కేథలిక్కులు. ఆడవాళ్ల గురించి అతని అభిప్రాయాలూ ఆ ఇంటి గోడలంత పాతవే. ఇద్దరి మధ్యా ఉత్తరాలు నడిచాయి. వాటిలో ప్రేమ ఎంతుందో పోట్లాటా అంతే ఉంది. పెళ్లంటే ఏమిటి, ఇంటిపని ఎవరిది, ఆడమనిషి స్వేచ్ఛకు హద్దెక్కడ... ఐరిస్ దేన్నీ వదల్లేదు. వాళ్లిద్దరి మీద 2007లో విల్‌ఫ్రీడ్ మైష్ట్రీ రాసిన జీవితచరిత్రకు పేరే ‘ప్రేమలో పడ్డ శత్రువులు’ అని. తర్వాత అది సినిమాగానూ వచ్చింది.

వాదనలో ఎవరు నెగ్గారో చెప్పడం తేలికే. 1946లో పెళ్లయింది. 1948లో పీటర్ పార్లమెంటులో అడుగుపెట్టాడు. సంప్రదాయాలకు కట్టుబడ్డ పార్టీ తరఫున గెలిచిన ఆ మనిషే ఆడవాళ్లకు ఓటుహక్కు ఇచ్చే సంగతి చూడమంటూ సభలో ప్రతిపాదన పెట్టాడు. 1951 నాటికి ఆ సీటు పోయింది. ఆ తర్వాతా అతను మాట మార్చుకోలేదు.

33 చీటీలు

1957లో ప్రభుత్వం ఓ కొత్త ఆలోచన చేసింది. యుద్ధం లాంటి ఆపదల్లో జనాన్ని కాపాడే పౌర రక్షణ సేవను ఆడవాళ్లకూ తప్పనిసరి చేస్తామంది. రాజ్యాంగంలో చేర్చాలి కాబట్టి ఓటింగు పెట్టింది. ఓటేసేది మాత్రం యథాప్రకారం మగవాళ్లే. సేవ చేయాల్సింది ఒకరు, ఆ సంగతి నిర్ణయించేది మరొకరు!

వలైస్ కొండల్లో ఉంటర్‌బెక్ అనే చిన్న ఊరుంది. మా ఊళ్లో ఆడవాళ్లూ ఓటేస్తారని ఆ ఊరి పంచాయతీ తీర్మానించింది. ఆ ప్రాంతానికి అప్పట్లో అధికారిగా ఉన్నది పీటరే. దంపతులిద్దరి ప్రోత్సాహమూ ఆ తీర్మానం వెనక ఉంది. పై ప్రభుత్వాలు కుదరదన్నాయి. ఊరు వినలేదు. ఊరిపెద్ద భార్య కాథరీనా జెన్‌హోయిజర్న్ అందరికన్నా ముందుగా వెళ్లి పెట్టెలో చీటీ వేసింది. ఆ వెనక మిగతావాళ్లు. మొత్తం 33 మంది. ఈ వింత చూడ్డానికి విలేకరులు, ఫొటోగ్రాఫర్లు కొండెక్కి వచ్చారు. ఊళ్లోనే ముఖం తిప్పుకున్నవాళ్లూ, దెప్పిపొడిచినవాళ్లూ ఉన్నారు.

ఆడవాళ్ల చీటీల కోసం వేరే పెట్టె పెట్టారు. ఆ ఓట్లు చెల్లవన్నారు. కానీ దేశ స్థాయి ఓటింగులో స్విస్ మహిళలు తొలిసారి ఓటేసింది అక్కడే అన్నమాట మాత్రం చరిత్రలో చెల్లింది.

ఏముంది ఆ పుస్తకంలో?

ఈ సందడంతా జరుగుతుండగానే ఐరిస్ ఇంట్లో ఓ పెద్ద రాతపని నడుస్తోంది. 1940ల చివర్లో అమెరికాలో ఉన్నప్పుడు మొదలుపెట్టిన పని అది. దాదాపు పదేళ్లు పట్టింది. మధ్యలో 1952లో కూతురు పుట్టింది. కాపురం బాసెల్‌కు మారింది. 1958లో పుస్తకం బయటికొచ్చింది. దాదాపు 600 పేజీలు. జర్మన్‌లో ఆ పేరుకు అర్థం ‘ఆటకటకటాల్లో ఆడవాళ్లు’ అని చెప్పుకోవచ్చు.

పాకడం, నిలబడటం నేర్చుకునే పసివాళ్లను అక్కడివాళ్లు చెక్క కమ్మీల చట్రంలో దించుతారు. కింద మెత్తటి పక్క, చుట్టూ బొమ్మలు. పిల్ల పడదు, దెబ్బ తగలదు. గదంతా కనిపిస్తూనే ఉంటుంది. బయటికి మాత్రం రాలేదు. స్విస్ ఆడవాళ్ల బతుకు అచ్చం అలాంటిదేనంది ఐరిస్. ఎవరూ కొట్టరు, తిట్టరు. ముద్దు చేస్తారు, బొమ్మలిస్తారు. కమ్మీలు మాత్రం తియ్యరు.

ఆ కమ్మీలను ఒక్కొక్కటిగా పట్టి చూపించిందామె. ఉద్యోగం మొదటిది. ఒకే పనికి మగవాడికో జీతం, ఆడమనిషికో జీతం ఎందుకని అడిగింది. సొంత సంపాదన లేని మనిషికి సొంతమాట ఎక్కడినుంచి వస్తుందని నిలదీసింది. ఇంటిపని మరొకటి. ఎంత చేసినా తరగని, చేసినట్లే కనపడని ఆ చాకిరీని వెట్టితో పోల్చింది. తల్లితనం గురించి రాసింది. పిల్లల్ని కనడం ఆడదాని ఇష్టం మీద ఉండాలి తప్ప విధిగా రుద్దకూడదంది. అన్నిటికన్నా జనాన్ని మండించింది ప్రేమ, శృంగారం గురించి రాసిన భాగం. ఆడదానికీ కోరిక ఉంటుందనీ, దానికి సిగ్గుపడక్కర్లేదనీ దాపరికం లేకుండా రాసింది. చిట్టచివరికి రాజకీయాలు. ఓటు లేని మనిషి ఇవేవీ మార్చలేదని అక్కడ ముడివేసింది.

ఇవన్నీ ఊహలు కావు. అప్పటి స్విస్ చట్టం ప్రకారం ఇంటికి పెద్ద భర్తే. కాపురం ఎక్కడుండాలో నిర్ణయించేది అతనే. భార్య ఉద్యోగం చేయాలన్నా అతని సమ్మతి కావాలి. న్యాయశాస్త్రంలో డాక్టరేట్ చేసిన ఐరిస్‌కు ఆ సెక్షన్లన్నీ కొట్టినపిండి. అందుకే ఆమె రాతలో ఏడుపు లేదు. వెటకారం ఉంది. కోర్టులో సాక్షిని అడ్డంగా ప్రశ్నలడిగే లాయరు పదును ఉంది. ఫ్రాన్సులో సిమోన్ ద బోవా 1949లో రాసిన ‘ది సెకండ్ సెక్స్’తో ఈ పుస్తకాన్ని పోల్చేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

‘ఇప్పుడా చెప్పడం!’

పుస్తకం వచ్చిన ఏడాదే జ్యూరిచ్‌లో మహిళల పనితనాన్ని చాటే రెండో జాతీయ ప్రదర్శన జరిగింది. మరికొన్ని నెలల్లో ఓటింగు. మహిళా సంఘాలవాళ్లు మగవాళ్ల మనసు గెలుచుకునే పనిలో ఉన్నారు. ఓటిస్తే మేమేం మారిపోం, ఇల్లు ఇల్లులాగే ఉంటుంది, వంట వంటలాగే ఉంటుంది అని నచ్చజెబుతున్నారు. సరిగ్గా అప్పుడు వచ్చి పడింది ఐరిస్ పుస్తకం. ఇల్లు ఇలా ఉండకూడదు అంటూ!

పత్రికలు విరుచుకుపడ్డాయి. రాసిందాన్ని వదిలేసి రాసిన మనిషిని పట్టుకున్నారు. మగవాళ్లంటే పడదన్నారు. సంసారాలు కూలుస్తుందన్నారు. అదంతా ఆమె ఊహించిందే కావచ్చు. అసలైన దెబ్బ మరోవైపు నుంచి తగిలింది. స్విస్ మహిళా సంఘాల సమాఖ్య ఆ పుస్తకంతో తమకు సంబంధం లేదన్నట్లుగా బహిరంగంగానే దూరం జరిగింది.

వాళ్ల బాధా అర్థం చేసుకోదగ్గదే. నత్తబొమ్మను లాగిన తరం వాళ్లది. ముప్ఫై ఏళ్లుగా ఒక్కో గుమ్మం ఎక్కి దిగారు. చేతిదాకా వచ్చింది జారిపోతుందేమోనన్న భయం. కానీ, ఆ ఓటమికి కారణం పుస్తకమేనా? అంకెలు చూస్తే అలా అనిపించదు. ఐరిస్ కలం పట్టకముందు, 1920 నుంచీ ఎన్నో రాష్ట్రాల్లో మగవాళ్లు ఈ ప్రశ్నకు కాదనే జవాబిచ్చారు. ఒక్క బాసెల్‌లోనే 1920, 1927, 1946... వరసగా కాదన్నారు. కాదన్న ఆరున్నర లక్షలమందిలో 600 పేజీల పుస్తకం చదివి మనసు మార్చుకున్నవారు ఎందరుంటారు! మెత్తగా అడిగినప్పుడూ ఇవ్వలేదు, గట్టిగా అడిగినప్పుడూ ఇవ్వలేదు. నింద మాత్రం గట్టిగా అడిగిన మనిషికే వచ్చింది.

ఓటింగు ముగిసిన మూడో రోజు బాసెల్‌లోని బాలికల ఉన్నత పాఠశాలలో టీచరమ్మలు పాఠాలు చెప్పలేదు. ఫలితానికి నిరసనగా ఒకరోజు సమ్మె చేశారు. దేశమంతా ముక్కున వేలేసుకుంది. ఆ తర్వాత వారం తిరిగి రెండో వారం వచ్చేసరికి పండగ. డప్పులు, లాంతర్లు, మాస్కులు. ఐరిస్‌ను వీధిలో ఊరేగించి నవ్వుకుంటున్న జనం.

కారెక్కి తూర్పుకు...

ఓటింగు జరిగిన ఏడాదే ఐరిస్ ఓటుహక్కు మీద మరో చిన్న పుస్తకం తెచ్చింది. ఆడవాళ్లకు ఓటెందుకనే వాదనలకు ఒక్కొక్కటిగా జవాబులు చెప్పింది. ఆ తర్వాత ఇక ఆ ఊసెత్తలేదు. ఉద్యమ వేదికలెక్కలేదు. తనను కాదన్నవాళ్లను తానూ వదిలేసింది.

1960లో ఒంటరిగా కారేసుకుని టర్కీకి బయలుదేరింది. నెలల తరబడి ఆ దేశమంతా తిరిగింది. అక్కడి మనుషుల గురించి, ముఖ్యంగా ఆడవాళ్ల గురించి రాసిన యాత్రాగ్రంథం 1965లో వచ్చింది. టర్కీలో మహిళలకు 1934లోనే పార్లమెంటు ఎన్నికల్లో ఓటు వచ్చింది. అంటే తన దేశంలో లేని హక్కు ఉన్న ఆడవాళ్ల మధ్య తిరిగి వచ్చిందన్నమాట. తర్వాతి రోజుల్లో కుంచె పట్టింది. పూలబొమ్మలు గీసింది. ఒక్కో రేకునూ తదేకంగా చూసి, ఓపిగ్గా.

తారుమారైన అంకెలు

1971 ఫిబ్రవరి 7న స్విస్ మగవాళ్లను మళ్లీ అదే ప్రశ్న అడిగారు. ఈసారి అవునన్నవారు 6,21,109 మంది. కాదన్నవారు 3,23,882 మంది. పన్నెండేళ్ల కిందటి అంకెలు అటువి ఇటు, ఇటువి అటు వచ్చినట్లు! నత్త గమ్యం చేరింది.

అదే సమయంలో మన దేశంలో ప్రధాని కుర్చీలో ఉన్నది ఇందిరాగాంధీ. ఆమె చిన్నప్పుడు కొన్నాళ్లు స్విట్జర్లాండ్‌లోనే చదువుకుంది. తల్లి కమలా నెహ్రూ చికిత్స కోసం వెళ్లి 1936లో కన్నుమూసింది ఆ దేశంలోని లౌసాన్‌లోనే. తాను చదువుకున్న దేశంలోని ఆడవాళ్లకు జాతీయ స్థాయిలో ఓటుహక్కు వచ్చేనాటికి ఇందిర ఐదేళ్లుగా ఓ పెద్ద దేశాన్ని పాలిస్తోంది.

ఆ తర్వాత మిగతా కమ్మీలూ ఒక్కొక్కటే ఊడాయి. 1981లో స్త్రీపురుషులు సమానమన్న మాట రాజ్యాంగంలో చేరింది. 1984లో తొలిసారి ఓ మహిళ మంత్రివర్గంలో అడుగుపెట్టింది. 1985లో జనం కొత్త వివాహ చట్టాన్ని ఆమోదించారు. అది అమల్లోకి వచ్చిన 1988 నుంచి భార్య ఉద్యోగానికి భర్త సమ్మతి అక్కర్లేదు. ఐరిస్ ముప్ఫై ఏళ్ల కిందట వేలెత్తి చూపినవే అవన్నీ.

1990 నాటికీ ఒక్క రాష్ట్రం మిగిలిపోయింది. అప్పెంజెల్ ఇన్నర్‌రోడెన్. అక్కడ ఊరి కూడలిలో చేతులెత్తి ఓటేసే ఆనవాయితీ. 1990 ఏప్రిల్‌లో కూడా, రాష్ట్ర వ్యవహారాల్లో ఆడవాళ్లకు ఓటు వద్దనే చేతులెత్తారు ఆ మగవాళ్లు. ఆ ఏడాది నవంబరు 27న ఫెడరల్ కోర్టు కలగజేసుకుని ఇచ్చి తీరాల్సిందేనంది.

ఆ తీర్పు ఐరిస్ వినలేదు. అంతకు రెండున్నర నెలల ముందు, సెప్టెంబరు 11న, 73 ఏళ్ల వయసులో వెళ్లిపోయింది. ఆరోగ్యం దెబ్బతిన్న ఆమె తన జీవితాన్ని తానే ముగించుకుంది. మరుసటి ఏడాది పీటరూ పోయాడు.

1991 జూన్ 14న స్విట్జర్లాండ్ అంతటా ఆడవాళ్లు పనులు ఆపేసి వీధుల్లోకొచ్చారు. సమానత్వం రాజ్యాంగంలో రాసుకుని పదేళ్లయినా జీతాల్లో తేడా పోలేదని నిలదీశారు. దాదాపు ఐదు లక్షలమంది. అదే ఏడాది ‘ఆటకటకటాల్లో ఆడవాళ్లు’ మళ్లీ అచ్చయింది. 1958లో దాన్ని చీదరించుకున్న దేశంలోనే ఈసారి విపరీతంగా అమ్ముడుపోయింది. తల్లులు దాచిపెట్టి చదివిన పుస్తకాన్ని కూతుళ్లు కొనుక్కుని చదివారు.  ఎటొచ్చీ రాసిన మనిషే లేదు.